పెద్దల ఆటలు

ఆట యనగనే పిల్లలు స్ఫురింతురు. ఆటలాడు ప్రాయమని మనమొక ప్రాయమును వేఱుపఱచి, ఆ ప్రాయము దాటినవాడు గోలీకాయ చేతబట్టినచో నవ్వుదుము. నడివయస్సు దాటిన గృహస్థుడు మనుమరాలితో అరుగుపై కూర్చుండి అష్టాచెమ్మ యాడుచుండగా, వీధిలో పెద్దమనిషి యెవరైన వచ్చినచో, చటుక్కున గవ్వలు విడిచి కండువా సవరించుకొనుట మీరును చూచియే యుందురు. ఈ సిగ్గు ఎప్పటిది? మన తాతముత్తాతలకు ఇది యుండెనా? ఈ ప్రశ్నకు చరిత్రలో నాకు దొరకిన సమాధానమును నేడు మనవి చేయదలచితిని. ఆటలు పిల్లల సొత్తు అను భావమే మనకు క్రొత్తది. మన యాటలలో పెక్కింటిని పెద్దలు పెద్దలకొఱకే కల్పించుకొనిరి. పిల్లలు ప్రక్కన కూర్చుండి చూచి నేర్చుకొనిరి.

మొదట నొక రాజు మాట చెప్పెదను. పశ్చిమ చాళుక్య వంశమున మూడవ సోమేశ్వరుడు 1127 ప్రాంతము మొదలు 1138 వఱకు కల్యాణపురము రాజధానిగా దక్కను నేలెను. మన కొలనుపాక సీమ నాడు ఆ వంశమువారి యేలుబడిలోనిది. ఓరుగంటి కాకతీయులు సైతము తొలుత వారి సామంతులే. సోమేశ్వరుడు గొప్ప పండితుడు. సర్వజ్ఞ చక్రవర్తి యని ఆయనకు బిరుదు. 1130 ప్రాంతమున ఆయన మానసోల్లాస మను పేర సంస్కృతమున నొక మహాగ్రంథమును రచించెను. అందు 100 అధ్యాయములు, 20 చొప్పున 5 భాగములు. రాజ్యమును సంపాదించుట మొదటి భాగము, దానిని నిలుపుకొనుట రెండవది, అనుభవించుట మూడవది, వినోదములు నాల్గవది, క్రీడలు అయిదవది. రాజ్యము నెట్లు నిలుపుకొనవలెనో చెప్పుటకు ఎన్ని అధ్యాయములు పట్టినవో, ఆట లెట్లు ఆడవలెనో చెప్పుటకును అన్నియే పట్టినవి. ఈ లెక్క నాకు మిక్కిలి నచ్చినది.

ఆ క్రీడ లెట్టివి? చదరంగము, పాచికలు, గవ్వలు ఉన్నవి. రాజు లివి యాడుట వింత గాదు. కాని ఉయ్యాల లూగుటయు ఉన్నది. నీరు చల్లుకొనుట యున్నది. పొడుపుకథలు విప్పుట యున్నది. పచ్చికపై నాడుట, పైరుల నడుమ నాడుట, చీకటిలో నాడుట, వెన్నెలలో నాడుట, ఇసుకతిన్నెలపై నాడుట అనువానికి వేఱువేఱుగ అధ్యాయము లున్నవి. ఏనుగులను గూర్చి, ధనాగారమును గూర్చి, సేనలను గూర్చి వ్రాసిన గంటమే ఇసుకలో నెట్లాడవలెనో కూడ వ్రాసినది. కుస్తీ మాత్రమే చెప్పి యుండినచో, రాజునకు దేహబలము కావలెను గనుక చెప్పె ననుకొందుము. ఇసుకతో రాజున కేమి పని? ఈ ప్రశ్న మనకు తోచుచున్నదే, అదియే మనకును ఆ కాలమువారికిని గల భేదము.

ఇట్టివాడే మఱియొకడు అక్బరు పాదుషా. చౌగా ననునది గుఱ్ఱముపై నెక్కి కఱ్ఱతో చెండును కొట్టు ఆట. పాదుషా దానిని పగలాడి తృప్తి చెందక చీకటిరాత్రులందును ఆడుచుండెనట. రాత్రిపూట చెండు కనబడు టెట్లు? మోదుగకఱ్ఱతో చెండు చేయించి దానికి నిప్పు ముట్టించెడివారు. మోదుగ తేలికైన కఱ్ఱ, చాలసేపు రగులుచుండును. ఈ సంగతి ఆయన మంత్రియైన అబుల్ ఫజలే తన ఐనీ అక్బరీలో వ్రాసి యుంచెను. మోదుగాకుతో విస్తళ్లు కుట్టుకొను మనకు ఆ చెట్టు పాదుషాకు ఇట్లు పనికివచ్చినదని తెలిసిన నవ్వు వచ్చును.

రాజులకు పొద్దుపోదు గనుక ఆడుకొనిరి, కాపువానికి తీరిక యెక్కడిదని మీలో నొకరు అడుగవచ్చును. న్యాయమైన ప్రశ్న. దానికి జవాబు తాళపత్రములలో దొరకదు, బండలమీద దొరకును. హంపీ శిథిలములలో మండపముల నేలబండలను చూచితిరా? అచ్చటచ్చట పులిమేక యాట గీతలు చెక్కబడి యున్నవి. హంపీయే యననేల, దక్షిణదేశమున ననేక దేవాలయముల మండపములలో, సత్రముల తిన్నెలపై ఇట్టి గీత లున్నవి. దేవునకు భూమి దానము చేసినవాని పేరు శాసనమున నుండును. ఈ గీతలు గీచినవాని పే రెచ్చటను లేదు. కాని ఒక సంగతి మాత్రము ఆ గీతలే చెప్పుచున్నవి. నల్లరాతిపై మంచి ఉలి లేనిదే గీత పడదు. తీరికగా కూర్చుండి, వంకర పోకుండ, కాలముతో అరిగిపోకుండ లోతుగా చెక్కవలెను. అది పసివాని పని కాదు. శిల్పియో, కావలివాడో, రథోత్సవమునకు వచ్చి ఎండ చల్లబడువఱకు మండపమున చేరినవాడో, మీసములు వచ్చిన మగవాడెవడో చెక్కినాడు.

ఆ యాట సంగతి తెలిసినవారికి మరల చెప్పుట ఎందుకని తోచుచున్నను, తెలియని కుఱ్ఱవాండ్రు ఇంట నుందురు గనుక చెప్పెదను. శిఖరము గల త్రికోణమువంటి పటము, దానిపై అడ్డగీతలు, గీతలు కలియు చోట్లు 23. పులులు 3, మేకలు 15. పులులవాడు శిఖరమున నొకటియు దాని దిగువ రెండును నిలుపును. మేకలవాడు ఒక్కొక్క మేకను దించుచు వచ్చును. మేకవెనుక చోటు ఖాళీగా నున్నచో పులి దానిమీదుగా దుమికి దానిని తినును. మేక దేనిని తినలేదు. ఒకదాని వెనుక నొకటి నిలిచి, పులి దుముకుటకు చోటు లేకుండ చేసి, తుదకు పులిని కదలనీయకుండ కట్టివేయుటయే మేకల గెలుపు. బలము సమానముగా లేని ఇద్దఱిని ఎదురెదురుగా కూర్చుండబెట్టి, ఇద్దఱికిని గెలిచెడు త్రోవ నుంచిన ఈ యాటను చదరంగముకంటె తక్కువదని నేననను. చదరంగమున ఇరువురకును సేన లొక్కటే. లోకమున అట్లుండుట అరుదు. మంద కాచినవాడు, చిఱుతపులి బాధ ఎఱిగినవాడు కల్పించిన యాట యిది యని నా యూహ. తమిళులు దీనినే ఆడు పులి ఆట్టమందురు. నేపాళమున 4 పులులతో 20 మేకలతో బాఘ్ చాల్ అని వేఱొక తీరున ఆడుదురు.

స్త్రీల యాటలు బండల కెక్కలేదు, ఇంటి నేలపై ముగ్గుపిండితోనే నిలిచినవి. వామనగుంటల పీట మాత్రము కఱ్ఱది. వరుసకు 7 చొప్పున 14 గుంటలు, అందు చింతపిక్కలు. ఓమనగుంటలని కొన్ని యెడల పలుకుదురు. ఆఫ్రికాలోను, జావా మలయా దేశములలోను ఇట్టి గుంటల యాటలే కలవు. అష్టాచెమ్మకు 25 గళ్లు, 4 గవ్వలు. నాలుగును వెల్లకిల పడిన చెమ్మ, నాలుగును బోర్లపడిన అష్ట. బయటి వరుస చుట్టి, పరుని కాయ నొకదానిని చంపి, లోపలి వరుసలో ప్రవేశించి, నడిమి గడికి చేరిన కాయను మన స్త్రీలు ఏమందురు? పండిన దందురు. ఈ మాట కల్పించిన ఆమె యెవరో, తోట ఎఱిగిన ఇల్లాలు.

ఇక ఈ యాట లెప్పు డాడుదురు? ఇచ్చట మన పూర్వుల నేర్పు గమనింపదగినది. వారు పెద్దవారిని ఎప్పుడు పడిన అప్పుడు ఆడుకొనుడని విడువలేదు. ఆడకు డనియు కట్టివేయలేదు. పంచాంగములో చోటు చూపిరి. శివరాత్రి జాగరమునకు కూర్చున్నవారు తెల్లవార్లు వైకుంఠపాళి యాడిరి. అట్లతద్దె నాడు తెల్లవాఱకముందే లేచి ఇల్లాండ్రు, తల్లులైనవారు సైతము, చెట్టుకొమ్మకు కట్టిన ఉయ్యాల లూగిరి. సోమేశ్వరుడు వ్రాసిన ఆందోళన క్రీడ ఇదియే గదా. తెలంగాణమున బతుకమ్మ దినములలో అత్తలును కోడండ్రును ఒక్క చుట్టున నిలిచి చప్పట్లు చఱతురు. పెండ్లిలో తలబ్రాలు మొదట మెల్లగా పోసి, పిదప పోటీపడి దోసిళ్లతో గుమ్మరింతురు, బిందెలో ఉంగరము వైచి వధూవరులచేత వెదకింతురు, పూలచెండ్లాడింతురు. మంత్రము చెప్పిన పురోహితుడే ప్రక్కన నిలిచి ఉంగర మెవరికి దొరకునో యని తొంగి చూచును.

బంధుత్వమునందును అట్లే చోటు చూపిరి. కొడుకు ఎదుట గంభీరముగా నుండు తండ్రి, బావమఱది వచ్చినచో కొంటెమాట లాడును. కన్నబిడ్డల నదలించినవాడే మనుమరాలిని నన్ను పెండ్లాడెదవా యని ఆటపట్టించును. వియ్యపురాండ్రు ఒకరినొకరు పాటలతో దెప్పుకొందురు, ఎవరును కోపింపరు. ఒక్క మనుష్యునియందే పెద్దతనమును పిల్లతనమును రెండును ఉండునని వారెఱుగుదురు. ఎవరియెదుట ఏది చూపవలెనో వావివరుసయే చెప్పుచుండెను. నలుబది దాటిన మగవాడు ఎల్లవేళల ఎల్లర యెదుట గంభీరముగా నుండవలె నను నియమము మన శాస్త్రములలో నేను చూడలేదు.

అట్లైన సిగ్గు ఎచ్చటినుండి వచ్చినది? రెండు త్రోవలనుండి వచ్చినదని తోచును. మొదటిది పందెము. ఇది నేటిది కాదు. ఋగ్వేదము పదవ మండలమున 34వ సూక్తము జూదరి దుఃఖమే. నాడు పాచికలకు మాఱుగా తానికాయలు వాడిరి. ఆలిని, ఇంటిని పోగొట్టుకొని రాత్రిపూట ఇతరుల యింటి నీడ చేరిన వాని గోడు అందున్నది. జూదము మాని చేను దున్నుకొను మను హితవును అందే యున్నది. ధర్మరాజు కథ మీకు తెలియనిది కాదు. అయినను ఒక చిన్న సంగతి తఱచుగా మఱచెదము. జూదమున రాజ్యము పోగొట్టుకొన్న ఆ ధర్మరాజే అజ్ఞాతవాసమున కంకుభట్టై విరాటుని కొలువున పాచికలాడుచు ఏడాది గడపెను. పాచిక లవియే. హస్తినలో పందెముగా తమ్ములును భార్యయు నుండిరి. విరాటుని కొలువులో అది ఉదరపోషణకైన కొలువు, రాజునకు ప్రొద్దుపోవు సాధనము. ఆటను దూషించుటకు ముందు పందెమును విడదీసి చూడవలెనని భారతమే చెప్పుచున్నట్లు నాకు తోచును.

పల్నాటి కథలో ఈ రెండును ప్రక్కప్రక్కనే యున్నవి. కోడిపందెమున నోడి బ్రహ్మనాయని పక్షమువారు ఏడేండ్లు నాడు విడిచి పోయిరి. దాని ఫలము కారెంపూడి రణము. అదే కథలో బాలచంద్రుడు, మాంచాలను పెండ్లాడినవాడు, తోడివారితో బొంగరము లాడుచుండును. ఆ బొంగరము ఎగసి ఒక స్త్రీ పాదమునకు తగిలెను. పెద్దలు యుద్ధమునకు పోగా నీ వాటలాడుచున్నావా యని ఆమె యెత్తిపొడిచినది. అతడు బొంగరము విడిచి పోయి రణమున ప్రాణము లిచ్చెను. కథ చెప్పువారు ఇచ్చట బాలుని శౌర్యమును పొగడుదురు. నాకు మాత్రము ఆ నేలపై విడువబడిన బొంగరము కంటికి కట్టినట్లుండును. వివాహితుడు బొంగర మాడుట తప్పని ఆ కథలో నెవ్వరు ననలేదు. వేళ తప్పినదని మాత్రమే ఆమె యన్నది. వేళ తప్పినవారిలో కొండవీటి కుమారగిరిరెడ్డిని కూడ చెప్పవలెను. 1386లో రాజ్యమునకు వచ్చి ఏటేట కర్పూరముతో వసంతోత్సవము లాడి కర్పూర వసంతరాయ డనిపించుకొన్నాడు. అవచి తిప్పయసెట్టి వంటి వర్తకులు సుగంధద్రవ్యములు తెచ్చియిచ్చిరి. 1402 నాటికి కొండవీడు పెదకోమటి వేమారెడ్డి చేతిలో నుండెను. వసంతము లాడుటచేతనే రాజ్యము పోయె నన్న అన్యాయ మగును. దాయాదుల పోరు దానికి వేఱుగా నున్నది.

రెండవ త్రోవ సముద్రముమీదుగా వచ్చినది. మన పచ్చీసును, మన వైకుంఠపాళియు పందొమ్మిదవ శతాబ్దము చివర ఇంగ్లండు చేరినవి. అచ్చట పచ్చీసు గవ్వలు పోయి పాచిక వచ్చినది, పేరు లూడో యైనది. వైకుంఠపాళి పాములు నిచ్చెనల యాట యైనది. మన పటమున ప్రతి నిచ్చెనయు నొక పుణ్యము, ప్రతి పామును ఒక పాపము. పెద్దపాము అరుకాషుడు నోరు తెఱచి వైకుంఠము వాకిటనే యుండును. తుదిదాక వచ్చిన వాడును జాఱిపడవచ్చునని దాని భావము. జన్మమంతయు నడచినవారు జాగరపు రాత్రి తమ జన్మము నెదుట పఱచుకొని చూచుకొను పట మది. విదేశమున క్రమముగా ఆ పేర్లన్నియు రాలిపోయి, పాములును నిచ్చెనలును మిగిలి, రంగురంగుల అట్టపెట్టెలో పిల్లల బొమ్మగా మనకే తిరిగి వచ్చినది. తాత యాట మనుమని యాటయై వచ్చుసరికి, తాత తనది కాదనుకొన్నాడు. కచ్చేరియు, గడియారపు గంటయు వచ్చి, పనివేళ, తీరికవేళ అని దినము రెండు ముక్కలైన పిమ్మట ఆ దూరము మఱింత పెరిగిన దని నా అభిప్రాయము.

పెద్దలకు మిగిలినది పేకముక్క. అది పందెముతో వచ్చినది. 1867లో ఆంగ్ల ప్రభుత్వమువారు చేసిన జూదపు చట్టము సైతము కేవలము నేర్పుచే నాడు ఆటలను మినహాయించినది. మన రాష్ట్రమున నడచిన యొక వ్యాజ్యమున సుప్రీముకోర్టువారు 1967లో రమ్మీని ప్రధానముగా నేర్పుతో కూడిన ఆట యనిరి. పిదప ఆ ముక్కలు చేతి ఫోనులోని కెక్కినవి. కల్లము మీద కూర్చున్నవాడు ప్రక్కవానికి తెలియకుండ, మొగ మెఱుగని వానితో ఆడి భూమి పత్రములు కుదువ పెట్టు స్థితి వచ్చెను. 2017లో తెలంగాణ ప్రభుత్వమును, 2020లో ఆంధ్రప్రదేశ ప్రభుత్వమును, 2025లో పార్లమెంటును దీనిని నిషేధించుచు చట్టములు చేసినవి. చట్టము పందెమును అడ్డగించునేమో కాని, ఎదుట కూర్చుండి గవ్వలు వేయువానిని తెచ్చియీయజాలదు.

రేడియోలో మాటలాడుచు ఇద్దఱిని తలపక పోరాదు. మదరాసు రేడియో కేంద్రము 1938 జూను 16న వెలసినది. న్యాయపతి రాఘవరావుగారును, కామేశ్వరిగారును పిల్లల కార్యక్రమముల మూలమున రేడియో అన్నయ్య, రేడియో అక్కయ్య యైరి. 1945లో బాల యను పత్రికను నడప మొదలిడిరి. ఆయన జుట్టు నెరసినది. మొదట విన్న పిల్లలు తల్లులు తండ్రులైరి. వారి పిల్లలును ఆయనను అన్నయ్య యనియే పిలిచిరి. 1984లో గతించువఱకు ఆయన బాబాయి కాలేదు, తాత కాలేదు. పిల్లలకు నేర్పువాడుగా గాక, వారిలో కొంచెము ముందు పుట్టినవాడుగా నుండుట ఆయన యెన్నుకొన్న పదవి. దాని కెంత గాంభీర్యము కావలెనో ఆలోచింపుడు.

ఇటీవల నొక గ్రామమున చెఱువుగట్టు మీది మండపమును బాగుచేసిరి. పాతబండలు ఎగుడుదిగుడుగా నున్నవని వానిపై నున్నని పలకలు పఱచిరి. అందొక బండపై పులిమేక గీత లుండెడివి. ఎన్ని తరముల చేతులు సోకియో, పులులు నిలుచు చోట్లు అద్దమువలె నునుపెక్కి యుండెడివి. నే పోయి విచారించగా అవి లోపలనే యున్నవి, పగులగొట్టలే దని చెప్పిరి. పలకలు పఱచిన రెండు మూడు నాళ్లకే ఒక ముసలాయన సుద్దముక్కతో ఆ నున్నని నేలపై త్రికోణము గీచి, మేకలకు చింతపిక్కలును, పులులకు మూడు గులకరాళ్లును ఏరుకొని కూర్చున్నాడు. ఎదుట ఆయన యీడువా డెవ్వడును లేడు. బడినుండి వచ్చిన పిల్ల యొకతె సంచి దించి, నేను పులి నన్నది. ఆయన మేకలు తీసికొని మొదటి పిక్క పెట్టినాడు.